చిత్తూరులో సైనికుల ఇంటి అద్దె భత్యం లెక్క చెప్పే సలహా కేంద్రం

సైన్యంలో సిపాయిగా ఉన్న మా తమ్ముడి కోసం చిత్తూరులోని ఒక సలహా కేంద్రానికి వెళ్లాను. జనాభాను బట్టి ఊళ్లను ఎక్స్, వై, జెడ్ అని మూడు తరగతులు చేశారనీ, ఇంటి అద్దె భత్యం మూలవేతనంలో అతిపెద్దవైన ఎక్స్ నగరాలకు 30, వై నగరాలకు 20, చిన్నవైన జెడ్ ఊళ్లకు 10 శాతమనీ, కరువు భత్యం 50 శాతానికి చేరిన 2024 జనవరి నుంచి ఈ రేట్లు అమలయ్యాయనీ, ప్రభుత్వ క్వార్టర్ కేటాయిస్తే ఆ భత్యం రాదనీ అక్కడి పెద్దాయన ఎంతో ఓపికగా వివరించారు. చిత్తూరు, తిరుపతి రెండూ జెడ్ తరగతిలోవే కాబట్టి 21,700 రూపాయల మూలవేతనానికి నెలకు వచ్చేది 2,170 రూపాయలే. ఎక్స్ తరగతిలోని హైదరాబాదులో అయితే 6,510. తిరుపతిలో ఆ మొత్తానికి భార్యాబిడ్డలతో ఉండదగిన ఇల్లు దొరకదని ఆయన దాచకుండా చెప్పడం నాకు నచ్చింది. లెక్కను కాగితం మీద రాసి ఇవ్వకపోవడం మాత్రం లోపమే. సరిహద్దులో ఉన్నవాడికి మేమే అంకెలన్నీ రాసి పంపవలసి వచ్చింది.