అస్తా నీల్సన్: ముందు ‘అఫ్‌గ్రుండెన్’ చూడాలా, ‘హామ్లెట్’ చూడాలా?

డెన్మార్క్ మూకీ నటి అస్తా నీల్సన్ (1881–1972) పేరు కొత్తగా విన్నవాళ్లు ఆమె నటించిన ఈ రెండు సినిమాల్లో దేంతో మొదలుపెట్టాలా అని తటపటాయిస్తారు.

నిడివి: ‘అఫ్‌గ్రుండెన్’ (1910) 45 నిమిషాలు కూడా లేదు. ‘హామ్లెట్’ (1921)కి రెండు గంటలు తీరిక చేసుకోవాలి.

ఖర్చు: మొదటిది డానిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ మూకీల సైట్‌లో ఉచితం. రెండోదాని మంచి ప్రతి కోసం కాస్త వెతుక్కోవాలి.

నటన: అసలు సంగతి ఇక్కడే ఉంది. ‘అఫ్‌గ్రుండెన్’లో ఆమె పియానో టీచర్. పెళ్లాడాల్సినవాణ్ణి వదిలేసి ఒక సర్కస్ కళాకారుడి వెంట వెళ్లిపోతుంది. అతన్ని తాడుతో కట్టేసి చుట్టూ ఆడే నాట్యం గురించే అందరూ చెబుతారు. నన్ను కదిలించింది మాత్రం చివర్లో, అతన్ని హత్య చేశాక పోలీసులు తీసుకెళ్తుంటే ఆమె నడిచే తీరు. చేతులు ఊపడం లేదు, గుండెలు బాదుకోవడం లేదు. నాటకాల పద్ధతి ఇంకా వదలని 1910లో అంత నిగ్రహం! ‘హామ్లెట్’ ఆమె సొంత సంస్థ తీసింది. షేక్‌స్పియర్ నాటకంలోని రాకుమారుడు హామ్లెట్ అందులో నిజానికి ఆడపిల్ల. సింహాసనం కోసం మగపిల్లాడిలా పెంచుతారు. స్నేహితుడు హొరేషియో మీద ప్రేమ బయటికి చెప్పుకోలేక ఆ కళ్లు పడే యాతన చూసి తీరాలి.

ఇబ్బంది: మొదటిదానిలో కెమెరా దూరంగా ఉంటుంది, ఫోన్‌లో ముఖం ఆనదు. రెండోదానిలో షేక్‌స్పియర్ కథే కావాలనుకుంటే నిరాశ తప్పదు.

మూకీలు కొత్తయితే ‘అఫ్‌గ్రుండెన్’, పెద్ద తెరమీదే. అలవాటున్నవాళ్లు నేరుగా ‘హామ్లెట్’కి వెళ్లండి.