ఖర్గేనా, థరూరా? ఎన్నికల రికార్డు ఎవరిది మేలు?

2022 అక్టోబరులో కాంగ్రెస్ అధ్యక్ష ఎన్నిక ముగిసినప్పటి నుంచి, రాజకీయాల మాట ఎత్తితే చాలు, ఎవరో ఒకరు నన్ను ఇదే అడుగుతున్నారు. వరసగా లోక్‌సభకు గెలుస్తున్న శశి థరూర్‌ను కాదని, అంతకు మూడేళ్ల ముందే సొంత సీటులో ఓడిపోయిన మల్లికార్జున ఖర్గేను ఎలా ఎన్నుకున్నారండీ అని. 2024లో థరూర్ నాలుగోసారి కూడా గెలిచేసరికి ఈ ప్రశ్న ఇంకా ఎక్కువైంది. ఎన్నిసార్లు గెలిచారన్నదే లెక్కయితే దీనికి జవాబు ఒక్క వాక్యంలో అయిపోతుంది. ఖర్గే 1972 నుంచి 2014 వరకు ఓటమి లేకుండా పదకొండుసార్లు గెలిచారు. కర్ణాటకలోని గుర్మిట్కల్ నుంచి ఎనిమిదిసార్లు, నియోజకవర్గాల పునర్విభజన తర్వాత చిత్తాపూర్ నుంచి ఒకసారి ఎమ్మెల్యే, ఆపైన గుల్బర్గా నుంచి రెండుసార్లు ఎంపీ. థరూర్ తిరువనంతపురంలో 2009, 2014, 2019, 2024 ఎన్నికల్లో పోటీ చేశారు, నాలుగూ గెలిచారు.

నేను మాత్రం గెలుపుల సంఖ్య కంటే పోటీ ముఖాముఖిగా జరిగిందా, ముక్కోణంగా జరిగిందా అన్నదే ముందు చూస్తాను.

ఖర్గే ఓడిన ఆ ఒక్క ఎన్నికనే తీసుకోండి. 2014లో ఆయనకు గుల్బర్గాలో 5,07,193 ఓట్లు వచ్చాయి, గెలిచారు. 2019లో 5,24,740 వచ్చాయి, అంటే పదిహేడు వేలు పెరిగాయి, అయినా 95,452 ఓట్ల తేడాతో ఓడిపోయారు. అది బీజేపీతో నేరుగా జరిగిన పోటీ. అవతల నిలబడ్డ ఉమేశ్ జాదవ్ అప్పటిదాకా కాంగ్రెస్ ఎమ్మెల్యేనే, ఎన్నికలకు ముందు రాజీనామా చేసి పార్టీ మారారు. ఆ ఏడాది కర్ణాటకలో 28 సీట్లకు 25 బీజేపీ కొట్టేస్తే కాంగ్రెస్‌కు మిగిలింది ఒకటి. 44 శాతం ఓట్లు తెచ్చుకుని ఇంటికెళ్లడమంటే ఇదే.

ఇప్పుడు థరూర్ సంగతి. 2009లో 3,26,725 ఓట్లు, దాదాపు లక్ష మెజారిటీ. 2014లో ఓట్లు 2,97,806కి పడిపోయాయి, అంటే 34 శాతమే, అయినా బీజేపీ అభ్యర్థి ఓ. రాజగోపాల్ మీద 15,470తో బయటపడ్డారు. 2019లో మళ్లీ లక్ష దగ్గరకు వెళ్లిన మెజారిటీ, 2024లో 58 వేల ఓట్లు తగ్గడంతో 16,077కి దిగింది. ఓట్లు పెరిగినా ఖర్గే ఓడారు, రెండుసార్లు ఓట్లు తగ్గినా థరూర్ గెలిచారు. ఇందులో థరూర్ తప్పేమీ లేదు, ఆట నిబంధనలే అంత. తిరువనంతపురంలో కమ్యూనిస్టుల కూటమి ఎల్డీఎఫ్ ప్రతిసారీ రెండు లక్షలకు పైగా ఓట్లు పట్టుకుపోతుంది కాబట్టి అక్కడ నలభై శాతం రాకపోయినా సీటు దక్కొచ్చు.

థరూర్ అభిమానులు దీనికి ఇచ్చే సమాధానంలోనూ బలముంది, దాన్ని నేను కొట్టిపారేయను. ఎల్డీఎఫ్ పోటీలో లేకపోతే ఆ ఓట్లలో ఎక్కువ భాగం బీజేపీని ఆపడానికి థరూర్‌కే పడేవి కదా, కాబట్టి ముక్కోణం ఆయనకు మేలు ఎంత చేసిందో కీడూ అంతే చేసింది అంటారు. 2024 లెక్కింపు చూసినవాళ్లకు ఆ టెన్షన్ గుర్తుండే ఉంటుంది. చాలాసేపు బీజేపీ అభ్యర్థి రాజీవ్ చంద్రశేఖరే ముందున్నారు, నేమం, వట్టియూర్కావు లాంటి నగర ప్రాంతాల్లో ఆధిక్యం ఆయనదే. తీరప్రాంతం ఓట్లు తేలాకే థరూర్ గట్టెక్కారు. 2009లో అదే సీటులో బీజేపీకి వచ్చినవి 84 వేల చిల్లర, 2024లో 3,42,078. అంత పెరుగుదలకు ఎదురు నిలిచి సీటు కాపాడుకోవడం చిన్న పనేం కాదు.

అయినా నా మొగ్గు ఖర్గే వైపే. కారణం ఎదురుగాలి. లోక్‌సభ ఎన్నికలంటే కేరళ మామూలుగా కాంగ్రెస్ కూటమి యూడీఎఫ్ వైపే ఉంటుంది: 2009లో 20కి 16, 2019లో 19, 2024లో 18, కాస్త తగ్గిన 2014లో కూడా 12. అంటే రాష్ట్రంలో గాలి ఎదురు తిరిగినప్పుడు థరూర్ నెగ్గుకొస్తారా లేదా అన్నది ఇంకా తేలని విషయం. ఖర్గేకు ఆ పరీక్ష చాలాసార్లు అయింది. 1983లో కర్ణాటకలో కాంగ్రెస్ మొదటిసారి అధికారం పోగొట్టుకున్నప్పుడు ఆయన గెలిచారు. 1985లో జనతా పార్టీ ఊపేసినప్పుడూ గెలిచారు. 1994లో కాంగ్రెస్ 34 సీట్లతో మూడో స్థానానికి జారిపోతే ఆ 34 మందిలో ఆయనొకరు. తెలంగాణ సరిహద్దును ఆనుకుని ఉన్న ఆ గుర్మిట్కల్‌లో జనం పార్టీని చూసి కాదు, మనిషిని చూసి వేశారనడానికి ఇంతకంటే ఏం కావాలి?

ఇక పార్టీ ఎన్నిక. ఖర్గేకు 7,897, థరూర్‌కు 1,072, చెల్లనివి 416. ఇందులో నాకు బాగా గుర్తుండిపోయింది బ్యాలెట్ గొడవ. నచ్చిన అభ్యర్థి పేరు ఎదురుగా '1' అంకె వేయమని మొదట చెప్పారు. బ్యాలెట్‌లో మొదటి పేరు ఖర్గేది కాబట్టి ఒకటో నంబరంటే ఆయనే అనుకునే ప్రమాదం ఉందని థరూర్ వర్గం అభ్యంతరం చెబితే, దాన్ని టిక్కు మార్కుగా మార్చారు. రాష్ట్రాల నుంచి వచ్చిన బ్యాలెట్లన్నిటినీ కలిపేసి లెక్కపెట్టారు కాబట్టి ఎవరికి ఎక్కడ ఎన్ని పడ్డాయో బయటికి రాలేదు. థరూర్‌కు వేసినవాళ్లకు అదొక ధైర్యం.

వెయ్యి దాటాయని ఆ రోజు థరూర్ అభిమానులు సంబరపడ్డారు గానీ, చెల్లిన ఓట్లలో అది 12 శాతం. 1997లో ఇదే అధ్యక్ష ఎన్నికలో సీతారాం కేసరి మీద శరద్ పవార్‌కు వచ్చిన 882 కూడా దాదాపు 12 శాతమే, అదీ రాజేశ్ పైలట్ 354 ఓట్లు చీల్చాక. అధిష్ఠానం ఎవరి వైపు ఉందో తెలిశాక ధిక్కార ఓటు ఆ పాటికి మించి పోదేమో అనిపిస్తుంది నాకు. 2000లో సోనియా మీద నిలబడ్డ జితేంద్ర ప్రసాదకు పడింది 94, ఆయన గురించి ఇంతకంటే చెప్పడానికేం లేదు. మన పట్టాభి సీతారామయ్య కథ వేరు. 1939లో సుభాష్ బోస్ చేతిలో రెండు వందల చిల్లర ఓట్ల తేడాతో ఓడారు, 1948లో అదే పదవికి ఎన్నికై వచ్చారు.

కాబట్టి అడిగిన మిత్రులందరికీ నా జవాబు: పార్టీకి దిక్కులేని ఏడాదిలో ఒక్క సీటైనా నిలబెట్టుకోవాలంటే నేను ఖర్గేనే నిలబెడతాను, 2019 సంగతి తెలిసి కూడా. ముక్కోణపు పోటీ ఉన్న నగర నియోజకవర్గమైతే మాత్రం మారు మాట లేకుండా థరూర్‌నే.