టవర్ ఫ్యానుతో నాలుగు వేసవులు: కడపలో ఒక పెద్ద హాలు కథ

మా హాలు పొడవు 22 అడుగులు, వెడల్పు 15, ఎత్తు 11. కడపలో పాత ఇల్లు. టేకు దూలాల మీద బండలు పరిచి, పైన సున్నం దట్టించిన మిద్దె. నేల కూడా నల్ల బండలే. సాయంత్రం అయిదు నుంచి ఎనిమిది దాకా ఈ హాల్లోనే పదో తరగతి పిల్లలకు లెక్కలు, భౌతికశాస్త్రం చెబుతాను. పద్దెనిమిది మంది నేల మీద కూర్చుంటారు. మధ్య దూలానికి ఒకే ఒక్క సీలింగ్ ఫ్యాను. రెండోది బిగించాలంటే ఇంకో దూలాన్ని తొలవాలి. ఆ మాట ఎత్తగానే మా నాన్న, "మీ తాత వేయించిన దూలంరా అది" అన్నారు. ఇక మాట్లాడడానికి ఏమీ మిగల్లేదు. 2022 ఏప్రిల్‌లో మేం టవర్ ఫ్యాను (నేల మీద స్తంభంలా నిలబెట్టేది) కొన్నది అందుకే తప్ప దాని మీద మోజుతో కాదు.

ఏడు రోడ్ల కూడలి దగ్గర ఒక దుకాణానికి వెళ్లాను. "సార్, హాలంతా చల్లబడిపోతుంది, ముప్పై అడుగులు కొడుతుంది గాలి" అన్నాడు అక్కడి అబ్బాయి. అట్టపెట్టె మీద గాలి పరిమాణం 2,000 అని పెద్ద అక్షరాల్లో ఉంది. పక్కనే ఉన్న సీలింగ్ ఫ్యాను పెట్టె మీద 215 అని ఉంది. రెండూ ఘనపు మీటర్లే. 2,000 ఎక్కడ, 215 ఎక్కడ! 3,800 రూపాయలు ఇచ్చి సంతోషంగా ఇంటికి తెచ్చుకున్నాను. ఆ రాత్రి కళ్లద్దాలు పెట్టుకుని రెండు పెట్టెలూ తీరిగ్గా చదివితే (అమ్మ గదికని సీలింగ్ ఫ్యాను కూడా కొన్నాను లెండి) అసలు సంగతి తెలిసింది. టవర్ ఫ్యాను లెక్క గంటకు, సీలింగ్ ఫ్యాను లెక్క నిమిషానికి. 2,000ను 60తో భాగిస్తే నిమిషానికి 33 వస్తుంది. అంటే 215లో ఆరో వంతు కూడా లేదు. ప్రమాణాలు రాయకపోతే మార్కులు కోసేసే నేను, దుకాణంలో వాటిని చూడకుండా డబ్బు కట్టి వచ్చాను.

అయినా దాని గాలి ఎదురుగా కూర్చున్నవాడికి బలంగానే తగులుతుంది. కారణం అది గాలిని పరచదు, సన్నని నిలువు పాయగా తోస్తుంది. లోపల మామూలు రెక్కలుండవు. డ్రమ్ములాంటి పొడవాటి చక్రం, దాని చుట్టూ సన్నని పలకలు ఉంటాయి. ఈ పాయ ఎంత దూరం వెళుతుందో తేల్చడానికి పిల్లలకు ఒక పని అప్పగించాను. హాలు పొడవునా దారం కట్టి, రెండేసి అడుగులకు ఒక పల్చటి కాగితపు పీలిక వేలాడదీశారు. ఫ్యాను పూర్తి వేగంలో ఉంటే ఆరు అడుగుల దాకా పీలికలు అడ్డంగా లేచాయి. పన్నెండు దగ్గర బాగానే ఊగాయి. పదహారు దాటాక కదిలీ కదలనట్టు ఉన్నాయి. మధ్యగీతకు నాలుగడుగులు పక్కకు జరిపితే చలనమే లేదు. "ముప్పై అడుగులంటే రెండు వైపులా కలిపేమో సార్" అన్నాడు వెనక వరుసవాడు. ఈ సమీక్షలో నేను రాసిన దేనికన్నా ఆ మాటే బాగుంది.

ఇక చల్లదనం సంగతి. గోడ థర్మామీటరు 37 డిగ్రీలు చూపిస్తుంటే టవర్ ఫ్యాను వేసి, తలుపులు మూసి, గంట తర్వాత చూశాను. అదే 37. ఏ ఫ్యానైనా గాలిని చల్లబరచదు, చెమటను ఆరబెడుతుంది. ఆ ఆరడంలోనే ఒంటి వేడి పోతుంది. ఎవరూ లేని గదిలో తిరుగుతున్న ఫ్యాను చేసేది కరెంటు ఖర్చు ఒక్కటే. పాఠంలో ఏటా చెప్పే ముక్కే ఇది. అయినా ఇంట్లో థర్మామీటరు చూశాక గానీ నాకు పూర్తిగా నమ్మకం కుదరలేదు.

అసలు ప్రయోజనం నేను ఊహించని చోట కనబడింది. రోహిణి కార్తెలో ఒక మధ్యాహ్నం నిచ్చెన వేసి మిద్దె కింద థర్మామీటరు పెడితే 40 చూపించింది. నేల మీద పెడితే 34. పదకొండు అడుగుల తేడాలో ఆరు డిగ్రీలు! పొద్దుటి నుంచి ఎండ తాగిన బండల మిద్దె పైన వేడిని ఆపి పెట్టుకుంటుంది. కింద నల్ల బండలు చల్లగానే ఉంటాయి. సీలింగ్ ఫ్యాను వేయగానే పైనున్న సెగంతా మన నెత్తిన పడుతుంది. టవర్ ఫ్యాను అలా కాదు, నేల మట్టంలోని గాలినే వెనక నుంచి తీసుకుని ముందుకు వదులుతుంది. అందుకే మధ్యాహ్నం ఇద్దరు ముగ్గురం బండల మీద పడుకున్నప్పుడు మా ఇంట్లో సీలింగ్ ఫ్యాను ఆపేసి దీన్నొక్కదాన్నే నడుపుతాం. పల్చటి కాంక్రీటు కప్పు, తక్కువ ఎత్తు, టైల్సు ఉన్న ఇళ్లలో ఈ తేడా ఇంత ఉండకపోవచ్చు. మా ఇల్లు పాతదవడం దీనికి కలిసొచ్చింది.

సాయంత్రం పద్దెనిమిది మందికి మాత్రం అది ఏ మూలకూ చాలదు. అటూ ఇటూ తిరిగే మీట నొక్కితే ఒక్కొక్కరికీ గాలి అలా వచ్చి ఇలా పోతుంది. పిల్లలు దాని వెంట తలలు తిప్పుతారు. తిప్పకుండా ఒకే చోట ఉంచితే ఆ చోటు కోసం తగాదా. చివరికి మూలలో, కిటికీకి ఎదురుగా, వరుసల మధ్య దారిలోకి గాలి పోయేలా నిలబెట్టి, సీలింగ్ ఫ్యానును సగం వేగంలో ఉంచాను. అంతకుముందు సీలింగ్ ఫ్యాను అందని మూలల్లో కూర్చున్నవాళ్లకు ఇప్పుడు కాస్త ఊరట. నోటుపుస్తకాల కాగితాలు మాత్రం ఎగురుతూనే ఉంటాయి. నేల మీద కూర్చుని రాసేవాళ్లకు ఇది సీలింగ్ ఫ్యాను కన్నా ఎక్కువ చిరాకు.

రాత్రి పని వేరు. తొమ్మిదింటికి బయట గాలి చల్లబడడం మొదలవుతుంది కానీ మిద్దె అర్ధరాత్రి దాకా సెగ కక్కుతూనే ఉంటుంది. పెరటి కిటికీ వైపు ఫ్యాను వీపు పెట్టి రెండడుగుల ఎడంలో నిలబెట్టి, వీధివైపు కిటికీలన్నీ తెరిస్తే బయటి గాలి లోపలికి, లోపలి వేడి బయటికి. ఇలా చేసిన రాత్రుల్లో ఒంటి గంటకు హాల్లో 32, చేయని రాత్రుల్లో 34 చూశాను. రెండు డిగ్రీలే అయినా నిద్ర పట్టడానికీ పట్టకపోవడానికీ మధ్య తేడా అదే. కిటికీ దోమతెర దుమ్ము పట్టి ఉంటే ఈ ఉపాయం పారదు. దాన్ని నెలకోసారి కడగాలి.

ఒక హెచ్చరిక. రెండో ఏడు మే నెలలో కరెంటు పోయి వచ్చిన ఒక మధ్యాహ్నం హాలు బాగా కాగిపోయింది. అమ్మ మంచం పక్కనే ఫ్యాను పూర్తి వేగంలో పెట్టాం. గంట తర్వాత ఆమె చర్మం పొడిబారి, ఒళ్లు వేడిగా తగిలింది. గది వేడి 40 డిగ్రీలు దాటితే ఫ్యాను ఒంటిని చల్లబరచదు, ఇంకా వేడెక్కిస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతుంది. పెద్దవాళ్లకు చెమట కూడా తక్కువ. అప్పటి నుంచి అలాంటి వేళల్లో తడి తువ్వాలు అమ్మ చేతుల మీద, మెడ మీద కప్పి, ఫ్యాను తక్కువ వేగంలో దూరంగా పెడుతున్నాం. మంచినీళ్లు, మజ్జిగ అడగకముందే ఇస్తున్నాం.

మన్నిక గురించి. మొదటి ఏడు ఫిర్యాదు లేదు. రెండో ఏడు గాలి తగ్గింది. మోటారు పాడైందనుకున్నాను. వెనక మరలు విప్పితే చక్రం పలకల మధ్య దుమ్ము వత్తిలా పేరుకుని ఉంది. గుడ్డతో తుడిస్తే పోదు. పాత టూత్‌బ్రష్‌తో ఒక్కొక్క పలకా గోకాల్సిందే, సగం ఆదివారం పడుతుంది. కడప దుమ్ములో ఏడాదికి రెండుసార్లు తప్పదు. మూడో ఏడు వేసవిలో ఒకరోజు గుయ్‌మంటూ మొరాయించింది, చేత్తో తోస్తే గానీ చక్రం కదల్లేదు. వీధి చివర మెకానిక్ కెపాసిటర్ మార్చి నూట యాభై తీసుకున్నాడు. అటూ ఇటూ తిప్పే ప్లాస్టిక్ పళ్ల చక్రం అరిగి టకటకమంటోంది. ఆ భాగం కోసం కంపెనీ సేవా కేంద్రానికి మూడుసార్లు ఫోను చేశాను. ప్రతిసారీ వారంలో వస్తుందన్నారు. ఏడాదైంది.

కరెంటు విషయంలో ఇది మర్యాదస్తురాలు. వాట్ మీటరుతో చూస్తే పూర్తి వేగంలో 58 వాట్లు. రోజుకు 14 గంటలు తిరిగినా ఒక యూనిట్ కాదు. మా పాత ఇన్వర్టర్ మీద మాత్రం తేనెటీగల గూడులా హోరెత్తుతుంది, పాఠం వినబడదు.

కూలరు ఎందుకు కొనలేదని అడుగుతారు. ఏప్రిల్, మే నెలల పొడి ఎండకు మా వైపు కూలరే సరైనది, నిజంగా గాలిని చల్లబరుస్తుంది. కిటికీ తెరిచి పెట్టాలి, నీళ్లు పోస్తూ ఉండాలి. మా బోరు నీళ్లకు పక్కింటివాళ్ల కూలరు ప్యాడ్ల మీద ఒక్క వేసవిలోనే ఉప్పు తెల్లగా పేరుకుంది. జూన్‌లో వాన పడి ఉక్క మొదలయ్యాక అదీ చేతులెత్తేస్తుంది. అయినా ఇంత హాలుకు, ఇంతమందికి మళ్లీ కొనాల్సి వస్తే నేను కూలరే తీసుకుంటాను. ఒకరిద్దరు కూర్చునే చోటికో, మంచానికో, కుట్టు మిషను దగ్గరికో అయితే మళ్లీ టవర్ ఫ్యానే కొంటాను. ఈసారి రెండు విషయాలు చూస్తాను: పెట్టె మీద గాలి లెక్క నిమిషానిదా గంటదా, వెనక జాలీ మరలు లేకుండా ఊడివస్తుందా.

ఈ వేసవికి పిల్లల కోసం గోడకు బిగించే ఫ్యాన్లు రెండు తెచ్చాను. దూలాన్ని ముట్టుకోలేదు కాబట్టి నాన్న ఏమీ అనలేదు. టవర్ ఫ్యాను ఇప్పుడు అమ్మ మంచానికి ఎదురుగా, ఎనిమిది అడుగుల దూరంలో ఉంది. టకటక శబ్దం అలాగే ఉంది. అది వినబడకపోతే కరెంటు పోయిందేమోనని ఆమె లేచి చూస్తోంది.