విండోస్ 7కి యాక్టివేటర్: ఏళ్ల తరబడి వాడాక నా మాట

మా డీటీపీ సెంటర్‌లో విండోస్ 7 సిస్టమ్ ఇంకా ఉంది. పేజ్‌మేకర్, అనూ ఫాంట్లు దాంట్లో కుదురుగా పనిచేస్తాయని ఉంచుకున్నాం. 2016లో సిస్టమ్ అసెంబుల్ చేసినతనే లోడర్ (కొనని విండోస్‌ని కొన్నదే అని సిస్టమ్‌ని నమ్మించే ఒక రకం యాక్టివేటర్) వేసిచ్చి, స్క్రీన్ నల్లబడకుండా అప్‌డేట్లు ఆపేశాడు. నాలుగేళ్లు ఏ ఇబ్బందీ రాలేదు. నిజానికి అది అదృష్టం. 2017 మే నెలలో వనాక్రై అనే, ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వైరస్ దూరిన విండోస్‌లోని కన్నాన్ని మైక్రోసాఫ్ట్ మార్చిలోనే పూడ్చింది. అప్‌డేట్లు ఆపిన మా సిస్టమ్‌లో అది తెరుచుకునే ఉంది.

2020 చివర్లో హార్డ్ డిస్క్ మార్చి విండోస్ మళ్లీ వేశాం. కొన్నాళ్లకు స్క్రీన్ నల్లబడి, కింద మూలన ‘ఈ కాపీ అసలుది కాదు’ అని వచ్చింది. పని ఆగలేదు, కానీ కస్టమర్లు చూస్తారని నాకు టెన్షన్. నెట్‌లో ఒక యాక్టివేటర్ డౌన్‌లోడ్ చేశాను. జిప్ ఫైలుకి పాస్‌వర్డ్ పెట్టారు, యాంటీవైరస్ ఆపమన్నారు. పాస్‌వర్డ్ ఉన్న జిప్ లోపల ఏముందో యాంటీవైరస్‌కి కనపడదని అప్పుడు నాకు తెలియదు.

నలుపు పోయింది. కాసేపటికి విండోస్ అప్‌డేట్ అంటూ ఒక బాక్స్ వచ్చింది. విండోస్ 7కి ఉచిత అప్‌డేట్లు 2020 జనవరి 14తోనే ఆగిపోయాయి. ఆ సంగతి తట్టి ఉంటే అక్కడే స్విచ్ ఆపేసేవాణ్ణి. చూస్తుండగానే శుభలేఖల ఫైళ్ల ఐకాన్లు తెల్లబడ్డాయి, పేర్ల చివర ఏవో నాలుగు అక్షరాలు చేరాయి. ప్రతి ఫోల్డర్‌లో ఒక నోటు: 980 డాలర్లు కట్టాలి, 72 గంటల్లో అయితే 490. ఇది ‘స్టాప్’ అనే రాన్సమ్‌వేర్, అంటే ఫైళ్లకు తాళం వేసి డబ్బు గుంజే ప్రోగ్రాం అని సర్వీసు అబ్బాయి చెప్పాడు. డబ్బు కట్టలేదు, ఫైళ్లు తిరిగి రాలేదు. దీంతోపాటు పాస్‌వర్డ్‌లు దొంగిలించే ప్రోగ్రాం కూడా వస్తుందని అతనే హెచ్చరిస్తే, బ్యాంకు, మెయిల్ పాస్‌వర్డ్‌లన్నీ వెంటనే ఫోన్‌లోంచి మార్చాను. మర్నాడు డెలివరీ ఇవ్వాల్సిన శుభలేఖని, వాట్సాప్‌లో పంపిన ప్రూఫ్ చూసుకుంటూ రాత్రంతా కూర్చుని మళ్లీ టైప్ చేశాను.

ఇంకో మాట. యాక్టివేషన్ అయినంత మాత్రాన ఆగిపోయిన అప్‌డేట్లు తిరిగి రావు. నేను పోగొట్టుకున్నది ఏళ్ల తరబడి చేసిన డిజైన్లు, వదిలించుకున్నది ఒక నల్ల వాల్‌పేపర్.

ఇప్పుడు ఆ సిస్టమ్‌కి నెట్ లేదు. మెయిల్, బ్యాంకు పనులకు లైసెన్స్ ఉన్న విండోస్‌తో వేరే సిస్టమ్ కొన్నాం. డిజైన్లు వారానికోసారి బయటి డిస్క్‌లోకి కాపీ చేసి, డిస్క్ పీకి బీరువాలో పెడుతున్నాం.

2025 అక్టోబర్ 14న విండోస్ 10కి కూడా ఉచిత సపోర్ట్ అయిపోయాక, పక్క జిరాక్స్ షాపుల వాళ్లు యాక్టివేటర్ ఉందా అని నన్నే అడుగుతున్నారు. తెరుచుకోని ఆ శుభలేఖల ఫోల్డర్‌ని నేను ఇంకా డిలీట్ చేయలేదు. అడిగినవాళ్లకి అదే తెరిచి చూపిస్తున్నాను.