24 పనలకు ఒక వెన్ను: ఒక స్కాట్లాండ్ కవితా సంకలనంపై సమీక్ష

పద్నాలుగో శతాబ్దం నుంచి మన కాలం దాకా స్కాట్లాండ్ కవిత్వాన్ని ఒకే సంపుటంలో కూర్చిన ఈ సంకలనాన్ని, పాత పుస్తకాలు అమ్మే ఒక ఆన్‌లైన్ దుకాణం నుంచి అమలాపురానికి తెప్పించుకున్నాను. ‘ప్రతి చాలా బాగుంది’ అని వారు రాసిన పుస్తకంలో, చివరనున్న పదకోశంలో ‘ఎస్’ అక్షరం నుంచి మొదలయ్యే పేజీలు ఊడిపోయి ఉన్నాయి. ఫిర్యాదు చేస్తే సగం సొమ్ము తిరిగి ఇచ్చారు గాని, ఆ పేజీల ఫోటోలైనా పంపమంటే జవాబు లేదు.

పదకోశం లేకపోతే కొంపేమీ మునగదనుకునే పుస్తకం కాదిది. స్కాట్స్ భాష ఇంగ్లీషుకు దగ్గరి చుట్టమే అయినా, ఇంగ్లీషు చదువుకున్న మనబోటివారిని ప్రతి రెండో పాదంలోనూ నిలబెట్టేస్తుంది. అర్థాలను పద్యం పక్కనే ఇవ్వకుండా పుస్తకం చివరికి నెట్టడం సంపాదకులు చేసిన పెద్ద పొరపాటని నా అభిప్రాయం.

రాబర్ట్ బర్న్స్ ఎలుక మీద రాసిన పద్యమే ఇందుకు ఉదాహరణ. 1785 నవంబరులో నాగలి కింద ఒక ఎలుక గూడు చెదిరిపోతే, దాన్ని దున్నిన రైతే ఆ ఎలుకకు క్షమాపణ చెప్పుకుంటాడు. నువ్వు దొంగవే కావచ్చు, అయినా నువ్వూ బతకాలి కదా, ‘థ్రేవ్’కు ఒక కంకి అడగడం పెద్ద కోరికేం కాదు అంటాడు. ఆ ‘థ్రేవ్’ నా ప్రతిలో పోయిన పేజీల్లోనే ఉంది. వేరేచోట వెతికితే 24 పనలని తేలింది. సార్వా కోతలప్పుడు మా మేనమామకు ఈ పద్యం తెలుగులో చెప్పాను. ఏటా గట్ల వెంట ఎలుక బుట్టలు పెట్టించే ఆయన నవ్వి, “ఒక్క వెన్నుతో సరిపెట్టుకునే ఎలకని నేనెక్కడా చూళ్ళేదురా, కలుగు తవ్వితే బుట్టెడు వెన్నులుంటాయి” అన్నారు. అయినా పద్యాన్ని మళ్ళీ చెప్పమన్నారు.

బర్న్స్‌కు ముందు భాగం నేననుకున్నదానికంటే బలంగా ఉంది. 1314లో స్కాట్లు ఇంగ్లండు సేనను ఓడించిన బానక్‌బర్న్ యుద్ధాన్ని పాడిన జాన్ బార్బర్, డన్‌ఫర్మ్‌లిన్ వాడైన హెన్రిసన్ వరుసగా వచ్చాక, విలియం డన్‌బార్ చనిపోయిన కవులను ఒక్కొక్కరినే పేరుపెట్టి తలచుకుంటూ, ‘మృత్యుభయం నన్ను కలవరపెడుతున్నది’ అని లాటిన్‌లో పల్లవి పాడతాడు. ఆ జాబితాలో బార్బర్, హెన్రిసన్ కూడా ఉంటారు కనుక, అంతకుముందు పేజీల్లో మనతో మాట్లాడినవారే పోయారన్నట్టు మనసు చివుక్కుమంటుంది. 1513లో లాటిన్ కవి వర్జిల్ కావ్యాన్ని స్కాట్స్‌లోకి తెచ్చిన గావిన్ డగ్లస్‌కు మాత్రం రెండే పేజీలు దక్కాయి. రాజమహేంద్రవరంలో నన్నయ భారతాన్ని తెలుగు చేసిన గడ్డ మీద పుట్టినవాణ్ణి కనుక ఈ లోపం నాకు మరీ కొట్టొచ్చినట్టు కనిపించింది.

పంతొమ్మిదో శతాబ్దాన్ని వేగంగా దాటేయవచ్చు. 1926లో హ్యూ మెక్‌డయర్మిడ్ ముళ్ళచెట్టును చూస్తూ తాగుబోతు పలికినట్టుగా రాసిన దీర్ఘకావ్యం దగ్గర మాత్రం ఆగవలసిందే. ఇళ్ళకూ పొలాలకూ పరిమితమైపోయిందనుకున్న భాషతో దేశాన్నీ దేవుణ్ణీ ప్రశ్నించవచ్చని ఆయన నిరూపించాడు. మన నండూరి వారు ఎంకి చేత గోదావరి మాటలో పాడించి ప్రేమను పండించారు గాని, మెక్‌డయర్మిడ్ అదే పనిముట్టుతో తగవు పెట్టుకున్నాడు.

స్కాట్లాండ్‌లోని మరో భాష గేలిక్. ఆ భాషా కవులకు జరిగింది అన్యాయమే. ‘రాసే’ (Raasay) అనే ద్వీపానికి చెందిన సోర్లీ మెక్లీన్, జనం ఖాళీ అయిన హలేగ్ అనే ఊరిలో భూర్జవృక్షాలను ఆడపిల్లలుగా చూసిన అద్భుతమైన పద్యం ఇక్కడ ఇంగ్లీషులో మాత్రమే ఉంది. ఎదురు పేజీలో మూలం ఉంటే, అర్థం కాకపోయినా దాని నడక కంటికైనా కనిపించేది. సంకలనం 2004లో స్కాట్లాండ్‌కు తొలి జాతీయ కవిగా నియమితుడైన ఎడ్విన్ మోర్గన్‌తో ముగుస్తుంది.

కొనదలచినవారు డబ్బు కట్టేముందు పుస్తకం చివరి పేజీల ఫోటో అడగడం మంచిది. నా ప్రతి వెనక అట్ట లోపలి తెల్లకాగితం మీద, పోయిన మాటలను పెన్సిలుతో రాసుకుంటున్నాను. మొదటి వరుసలో ‘థ్రేవ్: 24 పనలు’ అని ఉంది.