మార్ష్‌మెల్లో సైన్సు కిట్ కొనబోయేవారు పెట్టె తెరిపించి చూడండి

గత నెల అలిపిరి దగ్గరి ప్రాంతీయ విజ్ఞాన కేంద్రం చూసి వచ్చిన ఉత్సాహంలో, ఏడో తరగతి చదువుతున్న మా అమ్మాయికి తిరుపతిలోని ఒక బొమ్మల దుకాణంలో మార్ష్‌మెల్లోలతో (దూదిలా మెత్తగా ఉండే పంచదార మిఠాయిలతో) చేసే ప్రయోగాల కిట్ ఒకటి 850 రూపాయలు పెట్టి కొన్నాను. మరొకరు ఇలా నష్టపోకూడదని ఇది రాస్తున్నాను.

అన్నిటికన్నా బాధపెట్టిన విషయం ముందుగా చెబుతాను. పెట్టె పైన శాకాహారమని తెలిపే ఆకుపచ్చ చుక్క గానీ, మాంసాహారమని తెలిపే గోధుమ రంగు త్రికోణం గానీ లేదు. మేము మాంసం ముట్టని వాళ్ళం. ఆ శనివారం ఒక్కపొద్దులో ఉన్న మా అత్తయ్యగారికి, పంచదార మిఠాయే కదా అనుకుని, అమ్మాయి ఒక మార్ష్‌మెల్లో ఇచ్చింది, ఆవిడ తిన్నారు. తరువాత లోపలి పొట్లం మీద అతి చిన్న అక్షరాలలో జెలటిన్ అని కనిపించింది. మామూలు మార్ష్‌మెల్లోలలో పంచదార, గ్లూకోజు పాకంతోపాటు వాడే ఈ జెలటిన్‌ను పశువుల లేదా పందుల చర్మం, ఎముకల నుంచి తీస్తారు. సముద్రపు నాచు నుంచి తీసే అగర్ అగర్‌తో చేసిన శాకాహార రకాలు కూడా మార్కెట్‌లో దొరుకుతాయి గనుక, ఆ గుర్తు చూడకుండా కొనకండి.

ఇక ప్రయోగాల సంగతి. సిరంజిలో మార్ష్‌మెల్లో పెట్టి, మూతిని వేలితో మూసి, పిస్టన్‌ను వెనక్కి లాగితే లోపలి పీడనం తగ్గి, మార్ష్‌మెల్లోలో చిక్కుకున్న గాలి బుడగలు వ్యాకోచించి అది ఉబ్బాలి. తిరిగి నొక్కితే ముడుచుకోవాలి. పీడనం తగ్గితే వాయువు ఘనపరిమాణం పెరుగుతుందని రాబర్ట్ బాయిల్ 1662లో ప్రకటించిన నియమాన్ని కళ్ళకు కట్టే ప్రయోగమిది. అయితే కిట్‌లో ఇచ్చింది 5 మిల్లీలీటర్ల సిరంజి. అందులో మార్ష్‌మెల్లో పట్టదు సరికదా, ముక్క కోసి పెట్టినా పిస్టన్ పక్కల నుంచి గాలి దూరుతోంది. పుల్లలు గుచ్చి గోపురం కట్టే ప్రయోగమూ సాగలేదు. దుకాణంలో ఎండ తగిలే చోట ఎన్నాళ్ళు ఉన్నాయో గానీ, మార్ష్‌మెల్లోలన్నీ ఒకదానికొకటి అంటుకుని ముద్దయ్యాయి.

వెంట ఇచ్చిన పుస్తకంలో, కాంతి వేగాన్ని కొలిచే ప్రయోగం దగ్గర ఉన్న తప్పు ఇంకా విచిత్రం. తిరిగే పళ్ళెం తీసేసి మైక్రోవేవ్‌లో మార్ష్‌మెల్లోలను పరిచి వేడి చేస్తే, బాగా కరిగిన చోట్ల మధ్య దూరం సుమారు 6 సెంటీమీటర్లు వస్తుంది. అది కాంతి వేగంతోనే ప్రయాణించే మైక్రోవేవ్ తరంగాల తరంగదైర్ఘ్యంలో (ఒక అల పొడవులో) సగం కాబట్టి రెట్టింపు చేసి, పొయ్యి వెనుక రాసి ఉండే 2.45 గిగాహెర్ట్జ్ పౌనఃపున్యంతో (సెకనుకు వచ్చే అలల సంఖ్యతో) గుణిస్తే కాంతి వేగం సెకనుకు దాదాపు 3 లక్షల కిలోమీటర్లని తేలాలి. పుస్తకంలో రెట్టింపు చేయమన్న మాటే లేదు. మా అమ్మాయికి లక్షన్నర వచ్చింది, తానే ఎక్కడో పొరపడ్డానని పాపం మూడుసార్లు లెక్క వేసింది. వేడెక్కిన పంచదార పాకం చేతికి అంటితే బొబ్బలు ఎక్కుతాయన్న హెచ్చరిక కూడా ఎక్కడా లేదు.

తిరిగి ఇవ్వబోతే, తెరిచిన పెట్టెను వెనక్కి తీసుకోబోమని దుకాణం వాళ్ళు అన్నారు. నా పొరపాటు కూడా ఉంది: బిల్లు అడగకుండా ఎస్టిమేట్ చీటీతో సరిపెట్టుకున్నాను. జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించాను గానీ, సరైన బిల్లు లేకపోవడం వల్ల నా మాటకు బలం తగ్గింది. కొనేవారు బిల్లు తీసుకుని, తయారీదారు చిరునామా, తయారీ తేదీ, 2021 జనవరి 1 నుంచి పిల్లల బొమ్మలకు తప్పనిసరి అయిన ఐఎస్ఐ గుర్తు ఉన్నాయో లేదో దుకాణంలోనే చూసుకోండి.

చివరకు మందుల దుకాణంలో సూది లేని 60 మిల్లీలీటర్ల సిరంజి ఒకటి, ఆకుపచ్చ చుక్క ఉన్న మార్ష్‌మెల్లోల పొట్లం ఒకటి విడిగా కొన్నాము. మొదటిసారి లాగగానే అది పూరీలా ఉబ్బింది.