పార్డినీ ఎస్‌పీ పాయింట్ టూటూ: ఎయిర్ పిస్టల్ నుంచి మారేవాళ్లకు తొలి పరిచయం

పార్డినీ ఎస్‌పీ అంటే పాయింట్ టూటూ (0.22 అంగుళాల) తూటాలు కాల్చే, 25 మీటర్ల పోటీలకు వాడే పిస్టల్. దీన్ని చేతిలోకి తీసుకోగానే మొదట తెలిసేది, బరువంతా ముందుకు ఉండటం. మ్యాగజైన్ పిడిలో కాకుండా ట్రిగ్గర్ గార్డుకు ముందు ఉంటుంది. ఎయిర్ పిస్టల్ అలవాటైన మణికట్టుకు ఇది మొదట్లో బరువనిపిస్తుంది గానీ, ముందు సైటు నిలకడగా ఉండేది కూడా ఈ బరువు వల్లే. మన ఇషా సింగ్ హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో రజతం గెలిచిన 25 మీటర్ల పిస్టల్ ఈవెంట్ ఇలాంటి పాయింట్ టూటూతోనే ఆడేది.

బ్యారెల్ గురించి పెద్దగా చెప్పేదేం లేదు. 25 మీటర్లలో పదో రింగును వదలని బ్యారెల్ ఇది. పాయింట్లు పోయేది గ్రిప్ దగ్గర, ట్రిగ్గర్ దగ్గర, తూటా దగ్గర.

గ్రిప్ వాల్‌నట్ కర్రతో చేసింది, సైజులవారీగా దొరుకుతుంది. సైజు సరిపోయినా అరచేతికి అచ్చుగా కూర్చోదు, మనమే కూర్చోబెట్టుకోవాలి. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య సందు వీలైనంత పైకి వెళ్లాలి, చూపుడువేలి మొదటి కణుపు మెత్తటి భాగం ట్రిగ్గర్ మీదకు నేరుగా రావాలి. వేలు పక్కల కర్రకు ఆనుతుంటే అక్కడ గీకాలి, ఎందుకంటే ఆ రాపిడికే షాట్ పక్కకు పోతుంది. అరచేతిలో ఖాళీ ఉన్నచోట ఎం-సీల్ ముద్ద పెట్టి, ఆరాక గరుకు కాగితంతో రుద్దితే చాలు. ఒక్కరోజులో అంతా చెక్కేయకండి. కొంచెం గీకి, రేంజిలో కాల్చి చూసి, మళ్లీ గీకాలి. మే నెల చెమటలో చెయ్యి జారే తీరు జనవరిలో తెలియదు.

ట్రిగ్గర్ ఈ పిస్టల్‌కు ప్రాణం. అంతర్జాతీయ షూటింగ్ సమాఖ్య (ఐఎస్ఎస్ఎఫ్) నిబంధనల ప్రకారం ట్రిగ్గర్ బరువు, అంటే అది తెగి షాట్ పేలడానికి కావలసిన ఒత్తిడి, ఎయిర్ పిస్టల్‌కు కనీసం 500 గ్రాములు, 25 మీటర్లకు కనీసం 1000 గ్రాములు ఉండాలి. అంటే సరిగ్గా రెట్టింపు. ఆ బరువులో ఎక్కువ భాగం మొదటి దశకే, అంటే షాట్ తెగే ముందు వేలు ఒకచోట ఆగేదాకా సాగే నొక్కుడుకే ఇవ్వండి. 750 మొదటి దశలో, మిగతాది రెండో దశలో పెట్టుకుంటే వేలు గుంజకుండా వస్తుంది. సరిగ్గా 1000 దగ్గర ఆపేయకుండా 20, 30 గ్రాములు ఎక్కువే ఉంచండి, తనిఖీ బల్ల దగ్గర గుండె దడ ఉండదు. ఖాళీ పిస్టల్‌ను బ్యారెల్ నిట్టనిలువుగా పైకి పెట్టి, తూకపురాయిని ట్రిగ్గర్ మధ్యలో తగిలించి, మెల్లగా ఎత్తాలి. లేచేలోపు ట్రిగ్గర్ తెగకూడదు. ఇంకా పలచగా తెగాలని సియర్ (ట్రిగ్గర్ నొక్కేదాకా సుత్తిని ఆపి ఉంచే కొక్కెం) పట్టు స్క్రూ జోలికి మాత్రం వెళ్లొద్దు. పట్టు మరీ తగ్గితే బోల్టు మూసుకునే దెబ్బకే రెండో తూటా పేలే ప్రమాదం ఉంది.

25 మీటర్ల పోటీలో వేగంగా కాల్చే ర్యాపిడ్ దశలో ఈ పిస్టల్ విలువ తెలుస్తుంది. 7 సెకన్లు చెయ్యి దించి, 3 సెకన్లలో లేపి, ఒక్క షాట్. బ్యారెల్ చేతికి మరీ ఎత్తున కాకుండా కిందుగా, దాదాపు చేతి వరుసలోనే ఉండటంతో తన్ను నేరుగా వెనక్కే వస్తుంది, మూతి ఎగరదు.

ఇక తూటాలు. పాయింట్ టూటూలో పిన్ను దెబ్బకు రాజుకునే మందు (ప్రైమర్) కేసు అడుగున మధ్యలో ఉండదు, అంచు లోపల చుట్టూరా పరుచుకుని ఉంటుంది. ఒకచోట పలచగా ఉండి పిన్ను అక్కడే తగిలితే పేలదు. అలాంటప్పుడు మూతి టార్గెట్ వైపే ఉంచి అరనిమిషం ఆగాకే బోల్టు లాగాలి. స్టాండర్డ్ వెలాసిటీ, 40 గ్రెయిన్ సీసపు తూటాలే వాడండి. హై వెలాసిటీవి బోల్టునూ బఫర్లనూ బాదేస్తాయి. ఐదు తూటాలు నింపేటప్పుడు పై తూటా అంచు కింది తూటా అంచుకు ముందు ఉండేలా చూడాలి, వెనక్కి పడితే రెండూ కొక్కెంలా పట్టుకుని పైకి రావు. తూటా మీది మైనం ఎండకు కరిగి దుమ్ము పట్టుకుంటుంది. కాబట్టి డబ్బాను గచ్చిబౌలి రేంజి పార్కింగ్‌లో, కారు డాష్‌బోర్డు మీద వదిలేయకండి.

ఖాళీ కేసు సగం బయటికొచ్చి ఇరుక్కుంటే ముందు ఎక్స్‌ట్రాక్టర్ (కేసును పట్టి బయటికి లాగే కొక్కెం) గోరు కింద చూడండి. మసీ, మైనం కలిసి నల్లటి పేస్టులా గట్టిపడి ఉంటుంది. నైలాన్ బ్రష్‌తో దాన్నీ బోల్టు ముఖాన్నీ చాంబర్‌నూ ప్రతిసారీ తుడవాలి, పట్టాల మీద ఒక్క చుక్క నూనె చాలు. బ్యారెల్‌ను రోజూ తోమనక్కర్లేదు. బోల్టు వెనక్కి వచ్చి తగిలే రబ్బరు బఫర్లు నలిగిపోయే వస్తువులు. పగులు కనిపిస్తే ఆరోజే మార్చాలి, లేదంటే దెబ్బ ఇనుము మీద పడుతుంది. పిస్టల్‌తోపాటే రెండు మూడు జతలు తెప్పించుకోండి, తర్వాత దిగుమతి కోసం ఎదురుచూస్తూ సీజన్ పోగొట్టుకోవద్దు.

ఇంట్లో డ్రై ప్రాక్టీస్‌కు, అంటే తూటా లేకుండా ట్రిగ్గర్ నొక్కే సాధనకు, చాంబర్‌లో స్నాప్ క్యాప్ (డమ్మీ తూటా) తప్పనిసరి. ఇలా పిన్ను అంచును కొట్టే రిమ్‌ఫైర్‌ పిస్టల్‌లో ఖాళీగా నొక్కితే పిన్ను చాంబర్ అంచును గుద్ది గుంట పెట్టే అవకాశం ఉంది.

ధర లక్షల్లో ఉంటుంది. పైగా ఎయిర్ పిస్టల్‌లా కాకుండా దీనికి ఆయుధ లైసెన్సు కావాలి, కొన్న తూటాలకూ లెక్క ఉండాలి. లైసెన్సు చేతికి రాకముందే అడ్వాన్సు కట్టకండి. ఆలోగా క్లబ్బు పిస్టల్‌తో 25 మీటర్లు కాల్చి, మీ చేతికి ఏ సైజు గ్రిప్ కావాలో తేల్చుకోండి.